మా అమ్మ కాఫీ మానేసిన పేరు

మా అమ్మ కాఫీ మానేసిందన్న సంగతి నాకు పాలు చెప్పాయి. మూడు రోజులుగా ఇంట్లో పాలు మిగిలిపోతున్నాయి. మొదటి రోజు తోడు పెట్టాను. రెండో రోజూ తోడు పెట్టాను. మూడో రోజుకి హిందూపురంలోని మా ఇల్లు పెరుగు డిపోగా మారిపోయి, వీధిలో ఉన్న పిల్లులన్నీ గేటు దగ్గర వరసలో కూర్చున్నప్పుడు నాకు అనుమానం వచ్చింది. మా అమ్మకి డెబ్భై ఎనిమిదేళ్ళు. పొద్దున్నే గ్లాసుడు కాఫీ గొంతు దిగేదాకా ఆమె కళ్ళకి కన్నకొడుకు కూడా చందా అడగడానికి వచ్చినవాడిలాగే కనిపిస్తాడు.

"ఏమ్మా, కాఫీ తాగడం లేదా?"

"మానేసినా."

"డాక్టరు చెప్పినాడా?"

"డాక్టరెవడు నాకు చెప్పేదానికి? మొక్కుకున్నా."

ఆ ఒక్క మాటకి నేను చేతిలోని పెరుగు గిన్నె కింద పెట్టేశాను. పక్కింటి కిటికీ అద్దాలు వణికాయని నా నమ్మకం. ఎందుకంటే మా అమ్మ ఊరికే మొక్కే మనిషి కాదు. నాకు తెలిసి అంతకుముందు ఆమె జీవితంలో ఒకే ఒక్కసారి మొక్కింది. ఆ మొక్కుబడిని యాభై నాలుగేళ్ళుగా నేను మోస్తున్నాను. అదే నా పేరు.

ముందు అసలు భయం ఎక్కడ మొదలైందో చెప్పాలి. మా ఒక్కగానొక్క కూతుర్ని ధర్మవరంలో పట్టుచీరలు నేసే వాళ్ళింట్లో ఇచ్చాం. తొలి కాన్పుకి వచ్చే శుక్రవారం ఇంటికి తెచ్చుకుందామని కారు మాట్లాడుకుంటే, ముందు వచ్చిన మంగళవారమే బిడ్డ పుట్టేశాడు. ఎనిమిదో నెల ఇంకా నిండలేదు. అరచేయంత పిల్లవాడు. నేను చెప్పే కొలతల్లో అతిశయం లేనిది అదొక్కటే. పదకొండు రోజులు ఆస్పత్రిలో గాజుపెట్టెలో ఉన్నాడు. నా భార్య ధర్మవరానికి వెళ్ళి అక్కడే ఉండిపోయింది. ఇక్కడ ఇంట్లో అమ్మా నేనూ, మా ఇద్దరి మధ్య ఫోనూ. ఆ పదకొండు రోజులూ ఫోను మోగితే నేను అంగట్లోకి పారిపోయేవాణ్ణి, మోగకపోతే అంగట్లోంచి ఇంటికి పరిగెత్తుకొచ్చేవాణ్ణి. నాది కళ్ళద్దాల అంగడి. ఆ పదకొండు రోజుల్లో నేను అద్దాలు పెట్టిన వాళ్ళలో కొందరికి ఇప్పటికీ ఎదురుగా వచ్చే బస్సు పోతున్నట్టు కనపడుతుందేమో, చెప్పలేను.

పన్నెండో రోజు పిల్లవాడు తల్లి ఒళ్ళోకి వచ్చాడు. మేము ఊపిరి పీల్చుకున్నాం. మా అమ్మ కాఫీ మానేసింది.

"ఆ గాజుపెట్టెలోంచి వాడు ఒళ్ళోకొస్తే పేరు పెడ్తానని పెనుకొండ సామికి మొక్కినా. పేరు పెట్టి తొట్లో పిలిచేది నా చెవుల్తో వినల్ల. విన్నాంకనే కాఫీ."

"ఏం పేరు?"

"ఏం పేరేందిరా? నీ పేరే."

నా పేరు పక్కీరప్ప.

ఇప్పుడు మీరు నవ్వుకోవచ్చు. మా సీమలో ఈ పేరు వీధికొకటి ఉంటుంది. హిందువుల ఇళ్ళలోనే ఉంటుంది. దాని వెనక ప్రతి ఇంటికీ ఒక కథ ఉంటుంది, అన్ని కథలూ ఇంచుమించు ఒకటే. మాది రొద్దం వైపు పల్లెలో సేద్యం చేసుకునే ఇల్లు. నాకంటే ముందు పుట్టిన ఇద్దరూ దక్కలేదు. మూడోసారి అమ్మ పెనుకొండ దర్గాలోని సామికి మొక్కుకుంది. నేను పుట్టాక ఎత్తుకెళ్ళి దర్గా మెట్టు మీద పడుకోబెట్టి పక్కకి తప్పుకుంది. అక్కడున్న ఫకీరు ఒకాయన నన్ను తీసి ఒళ్ళో వేసుకున్నాడు. అంటే ఇక నేను ఆయన బిడ్డని. అప్పుడు అమ్మ ఒక చేటెడు రాగులు ఆయన జోలెలో పోసి నన్ను కొనుక్కుంది. యముడు వెతుక్కుంటూ వచ్చినా 'వీడు ఫకీరు వదిలేసిన బిడ్డ, వీడి దగ్గర ఏముంటుందిలే' అని తిరిగిపోతాడని లెక్క. ఆ మాట యముడికి గుర్తుండటానికి పేరు. నా మార్కెట్టు ధర చేటెడు రాగులు. ఇప్పటికీ కోపం వస్తే అమ్మ, "ఆ రాగులు ఉండింటే రెండు పూటలు సంగటన్నా అయ్యుండు" అంటుంది.

నేను బతికాను. పేరు నన్ను బతకనివ్వలేదు. బళ్ళో హాజరు పిలిచేటప్పుడు నా పేరు రాగానే వెనక బెంచీలో ఉన్న పదిహేను మంది ముప్పై అరచేతులు చాచేవాళ్ళు. కొందరు సత్తు గిన్నెల మూతలు కూడా చాచేవాళ్ళు. అప్పటినుంచి నేను ఆ పేరుని దాచడంలో ప్రావీణ్యం సంపాదించాను. నా సంతకం చూస్తే బ్యాంకు వాళ్ళు గుండె పరీక్ష కాగితం అనుకుంటారు. అంగడి బోర్డు మీద నా కూతురి పేరుంది. ఆమె పెళ్ళి పత్రికలో నా పేరు రావలసిన చోట ఇంటిపేరు, రెండు పొడి అక్షరాలు, వాటి మీద ఒక పూలగుత్తి బొమ్మ. అచ్చువేసేవాడితో ఆ పూలగుత్తిని కొంచెం కిందికి జరపమని నేనే బతిమాలాను. ఎదురింటి వాళ్ళకి నేను అద్దాలాయన. మా అల్లుడికి కాగితాల వల్ల అసలు పేరు తెలుసు గానీ అతను ఒకరి సంగతి ఇంకొకరికి చెప్పే రకం కాదు. ఇక లోకంలో నన్ను ఆ పేరుతో పిలిచే గొంతు ఒక్కటే మిగిలింది. ఆ గొంతు ఇప్పుడు కాఫీ మానేసింది.

"నువ్వే చెప్పల్ల బీగునికి. ఆడోళ్ళు చెప్తే బాగుండదు" అంది అమ్మ. వియ్యంకుణ్ణి మేము బీగుడంటాం.

మా బీగుడు ధర్మవరంలో నాలుగు మగ్గాలున్న మనిషి. గొంతు ఎంత పెద్దదంటే, ఆయన నాకు ఫోను చేయడం ఒట్టి మర్యాద కోసమే, మేడెక్కి మాట్లాడినా హిందూపురానికి వినపడుతుంది. ఆయనకి ప్రతిదానికీ అర్థం కావాలి. చీర అంచులో హంస ఉంటే ఎందుకుంది, నెమలి ఉంటే ఎటు చూస్తోంది, చెప్పాలి. మనవడికి ఆయనా కొడుకూ కలిసి ఫోనులో వెతికి ఒక పేరు సిద్ధం చేసుకున్నారట. దాని అర్థం సూర్యుడి తొలికిరణం. అలాంటి ఇంటికి నేను ఫోను చేసి పక్కీరప్ప అని చెప్పాలి. నాలుగు రోజులు చేయలేదు. ఐదో రోజు అమ్మ కాఫీ లేక తలనొప్పితో తలకి గుడ్డ బిగించి కట్టుకుని నా ఎదురుగా కూర్చుంది. ఊరికే కూర్చుంది. చేశాను.

మొక్కుబడి సంగతంతా విన్నాడు. అది నా పేరేనన్న ముక్క మాత్రం నేను చెప్పలేదు.

"మొక్కుబడి అన్నాంక కాదనేకి లేదు బావా" అన్నాడు. "పెనుకొండ సామంటే మాకూ భక్తే. అదొక పేరూ ఇదొక పేరూ పెట్టుకుందాం. అయితే దానికి అర్థమేంది?"

"అది అరబ్బీ మాట బావా."

"అరబ్బీలో ఏమని?"

అక్కడ నేను నిజం చెప్పేసి ఉండాల్సింది. నాకు తెలిసిన నిజం ఒక్కటే, వెనక బెంచీ వాళ్ళు నేర్పినది. నా నోరు ఆ నిజం వైపు వెళ్ళి, గుమ్మం దాకా వెళ్ళి, వెనక్కి తిరిగొచ్చేసింది.

"రాజులకు రాజు" అన్నాను.

"అవునా! మరి పకీర్లని ఉంటారు కదా, జోలె ఏసుకోని?"

"అది ఈడికొచ్చినాంక అట్లయింది బావా. అసలు దేశంలో ఆ పేరు అందరికీ పెట్టరు. అర్హత చూసి పెడ్తారు."

ఈ అర్హత సంగతి ఆయన అడగలేదు. నేనే కలిపాను. నాకు కలపడం అలవాటు. కూరలో ఉప్పు సరిపోయాక కూడా ఇంకో చిటికెడు వేసే చెయ్యి నాది.

వారం గడిచింది. బీగుడు ఫోను చేశాడు. ఆ గొంతు నిండా సంతోషం.

"బావా, తొట్లోకి పట్టుగుడ్డ నేపిస్తాండా. అంచులో పేరు. పేరు మీద కిరీటం. అట్టలు గూడా కొట్టించేసినా!"

అట్టలు కొట్టించడమంటే ఏమిటో ధర్మవరంతో బంధుత్వం కలిపాకే నాకు తెలిసింది. చీరలో ఏ బొమ్మ రావాలన్నా ముందు దాన్ని గళ్ళ కాగితం మీద గీసి, ఆ గళ్ళ ప్రకారం అట్టలకి చిల్లులు కొడతారు. ఆ అట్టల్ని దండలా కుట్టి మగ్గం నెత్తిన వేలాడదీస్తారు. ఒక్కో అట్ట తిరిగినప్పుడు ఏ పోగు లేవాలో చిల్లు చెబుతుంది. ఒకసారి కొట్టిన చిల్లు పూడదు. అంటే నా అబద్ధానికి చిల్లులు పడిపోయాయి, దాన్ని దండగా కుట్టేశారు, అది మగ్గమెక్కి పోగు పోగునా పట్టులోకి దిగుతోంది. లోకంలో ఎందరో అబద్ధాలాడారు. బంగారు జరీతో నేయించుకున్నవాణ్ణి నేనొక్కణ్ణే.

అప్పటినుంచి నాకు నిద్ర, ఆకలి రెండూ పోయాయి. తొట్లో వేసి పేరు పెట్టేది మూడో నెల నిండాక అని ముహూర్తం పెట్టారు. అమ్మకి కాఫీ లేదు, నాకు శాంతి లేదు, ఇల్లంతా పెరుగు. భయం ఒక్కటే కాదు. కిరీటం నేసిన పేరుకి అసలు అర్థం బయటపడితే బీగుడు ఆ పేరే వద్దంటాడు. ఆయన వద్దంటే అమ్మ మొక్కుబడి తీరదు. తీరకపోతే ఆమె కాఫీ ముట్టదు, అది నాకు తెలుసు. డెబ్భై ఎనిమిదేళ్ళ మనిషి మూడు నెలల్లో చిక్కిపోయింది. తలనొప్పులు పోయాయి గానీ, పొద్దున లేచి వంటింటి గడప దాకా వచ్చి, డికాక్షన్ గిన్నె వైపు ఒకసారి చూసి, తిరిగి వెళ్ళిపోయేది. అది నేను చూడనట్టు నటించేవాణ్ణి. మొక్కుబడి మాత్రం మనసులో ఇంకో రకంగా కూడా గుచ్చుకునేది. వాడు బతకాలని మొక్కింది. మాట తప్పితే? పైకి నేను వీటిని నమ్మనని అందరికీ చెప్పుకుంటాను. నా కోసం మొక్కిన మొక్కు ఫలించి, యాభై నాలుగేళ్ళుగా తిరుగుతూ, నమ్మనని చెప్పుకుంటాను.

ముహూర్తం రోజు పొద్దున్నే అమ్మా నేనూ హిందూపురంలో రైలెక్కాం. దారిలో పెనుకొండలో దిగి దర్గాలో చక్కెర మీద ఫాతిహా ప్రార్థన చదివించుకుని, అక్కణ్ణుంచి బస్సులో ధర్మవరం. రైలు కదలగానే నేను మొదలుపెట్టాను.

"అమ్మా, ఆడ పోయినాంక పేరుకి అర్థం గురించి నువ్వేం మాట్లాడాకు."

"యాల?"

చెప్పాను. రాజులకు రాజు, అర్హత, కిరీటం, అట్టలు, అంతా చెప్పాను. అమ్మ కిటికీలోంచి బయటికి చూసింది.

"సిగ్గులేదా నీకు? సామి పేరు పెట్టుకోని అబద్ధాలు ఆడేకి?"

"బుద్ధి లేకపాయె. నువ్వు నోరు తెరిస్తే బీగుడు పేరే వద్దంటాడు. మల్ల నీ మొక్కు?"

అది ఆమెకి తగిలింది. పమిటకొంగుతో ముఖం తుడుచుకుంది.

"సరే. నేను నోరు తెరవను. మాటిస్తాండా. ఆపైన నీ కర్మ."

పెనుకొండలో ఆటో దిగేటప్పటికి నా నడుము పట్టేసింది. నా వెన్నుపూసల్లో నాలుగోదీ ఐదోదీ పదేళ్ళుగా ఒకదానితో ఒకటి మాట్లాడుకోవడం లేదు. బెల్టు పెట్టుకుంటేనే నిలబడతాను. అమ్మ లోపల చక్కెర పొట్లం పట్టుకుని కూర్చుంది. ఫాతిహా చదివిన ముసలాయన బయటికొచ్చి మెట్ల మీద కూర్చుంటే, నేను నడుం పట్టుకుని ఆయన పక్కన దిగబడ్డాను. నన్ను పడుకోబెట్టిన మెట్టు వీటిలో ఏదో ఒకటి. అడుగుదామనిపించింది, అడగలేదు. వేరేది అడిగాను.

"తాతా, ఫకీరంటే అసలు అర్థమేంది? అరబ్బీలో?"

ఆయన నన్ను కిందనుంచి పైదాకా చూశాడు. "యాలప్పా?"

"నా పేరు పక్కీరప్ప."

కొత్తవాళ్ళ దగ్గర ఆ పేరు నా నోటితో నేనే చెప్పి ఎన్నేళ్ళయిందో గుర్తు లేదు. ఆకాశం కూలలేదు. కొండ కూడా కదలలేదు.

"లేమిని ఫకర్ అంటారప్పా. లేనోడు ఫకీరు. బిచ్చమెత్తేది అర్థం కాదు, అది ఊరికే పని. నాకు చదువు చెప్పిన ఉస్తాదు ఇంగొకటి చెప్తా ఉండె. ఆ మాట వెన్నుపూస నుంచి పుట్టిందంట. వెన్ను ఇరిగినోడు ఫకీరు. వానంతట వాడు లేయలేడు. ఎవురన్నా చెయ్యిస్తే లేస్తాడు."

నేను నడుం మీదనుంచి చెయ్యి తీసేశాను. యాభై నాలుగేళ్ళ క్రితం పెట్టిన పేరు పదేళ్ళ క్రితం నా వెన్నులో ఎట్లా దిగిందో డాక్టరు కూడా చెప్పలేడు.

"అంటే... దరిద్రుడనేనా?"

"దేవుని కాడ అందురూ ఫకీర్లే కదప్పా. ఆయనకు ఎవురితో పన్లేదు, మనకే ఆయనతో పని. రాజైనా అంతే. రాజుకి మనకంటే శానా కావల్ల."

"తప్పు అర్థం చెప్తే ఏమన్నా అయితాదా తాతా?"

"ఎవురికి చెప్పినావు?"

"మా బీగునికి."

ఆయన నవ్వితే నోట్లో రెండే పళ్ళు కనపడ్డాయి. రెండూ నన్ను చూసే నవ్వాయి. "సామికి కోపం రాదులే. బీగుని సంగతి నాకు తెల్దు" అన్నాడు. మోకాళ్ళ మీద చేతులు ఆనించి లేచి, నాకు చెయ్యిచ్చాడు. పట్టుకుని లేచాను.

ధర్మవరం బస్సులో నేనొక నిర్ణయానికి వచ్చాను. దిగగానే బీగుణ్ణి పక్కకి పిలిచి నిజం చెప్పేస్తాను. ఆ నిర్ణయం బస్సు స్టాండు దాకా గట్టిగా ఉంది. వాళ్ళ వీధి మొదట్లో మగ్గాల చప్పుడు వినపడేసరికి సగమైంది. గుమ్మంలో బీగుడు రెండు చేతుల మీద పట్టుగుడ్డ పరుచుకుని నిలబడి ఉన్నాడు. ఆకుపచ్చ గుడ్డ, ఎర్రంచు. అంచు పొడవునా నా పేరు. ప్రతి పేరు మీదా ఒక కిరీటం. నేను బళ్ళో దాచి, బ్యాంకులో దాచి, పూలగుత్తి కింద దాచిన పేరు, బంగారు రంగులో, పద్నాలుగు సార్లు. ఒక్కో కిరీటానికీ మూడు మొనలు. పద్నాలుగు మూళ్ళు నలభై రెండు మొనలూ ఒక్కసారిగా నా కళ్ళలో దిగాయి.

"ఎట్లుండాది బావా?"

"బాగుండాది బావా" అన్నాను. నిర్ణయం చచ్చిపోయింది.

తొట్టి నడవలో దూలానికి వేలాడుతోంది. చుట్టూ ఆడవాళ్ళు, పాట. బీగుడు వచ్చినవాళ్ళందరికీ గుడ్డ అంచు చూపించి అర్థం చెబుతున్నాడు. రాజులకు రాజు అట, అందరికీ పెట్టరట, అర్హత చూసి పెడతారట. నా మాటలు ఆయన గొంతులో నాకే కొత్తగా, ఘోరంగా వినిపించాయి. నేను వెళ్ళి మగ్గాల గది గుమ్మానికి ఆనుకుని నిలబడ్డాను. పక్కనే మగ్గం నెత్తిన ఆ అట్టల దండ ఇంకా వేలాడుతోంది. అమ్మని తొట్టి దగ్గర ప్లాస్టిక్ కుర్చీలో కూర్చోబెట్టారు. ఆమె వెనకే నా భార్య స్టీలు గ్లాసులో పొగలు కక్కే కాఫీతో సిద్ధంగా నిలబడింది. ఆ వాసన నడవంతా నిండింది. అమ్మ ముక్కు అటు తిరిగింది, మనిషి తిరగలేదు.

నా కూతురు తొట్టి మీదికి వంగి పిల్లవాడి చెవిలో మొదట సూర్యకిరణం పేరు చెప్పింది. తర్వాత మూడుసార్లు రెండో పేరు చెప్పింది. నా భార్య గ్లాసు ముందుకి చాపింది.

"నాకు వినపళ్ళా" అంది అమ్మ.

"చెప్పినా కదవ్వా, మూడుసార్లు."

"వాని చెవులో చెప్తివి. నేను సామికి మొక్కింది నా చెవుల్తో వింటానని. గట్టిగా పిలువు పాపా."

ఆడవాళ్ళు పాట ఆపేశారు. నా కూతురు నడుం నిటారుగా చేసి, గాలి పీల్చి పిలిచింది.

"పక్కీరప్పా!"

నా కూతురి గొంతు అచ్చం మా అమ్మ గొంతు. పొలం గట్టు మీదనుంచి, వంటింట్లోంచి, మేడ మెట్ల కిందనుంచి యాభై నాలుగేళ్ళుగా నన్ను పిలిచిన గొంతు. ఆ పిలుపు నా చెవిలో పడ్డాక మధ్యలో బుద్ధి అనేదాన్ని అడగకుండా నేరుగా కాళ్ళకి వెళుతుంది.

"ఆఁ, వస్తాండా!" అని నేను మగ్గాల గదిలోంచి నడవలోకి వచ్చి నిలబడ్డాను.

తొట్టి గొలుసు కిర్రుమంది.

"నిన్నెవురు పిలిచినారు బావా?" అన్నాడు బీగుడు.

"నా పేరూ... అదే బావా."

ఆయన నన్ను చూశాడు, గుడ్డని చూశాడు, నన్ను చూశాడు. "అంటే నువ్వు గూడా రాజులకు రాజువేనా?"

అందరూ పకపకా నవ్వారు. అక్కడితో తప్పించుకోవచ్చు. నవ్వేసి, ఒక దండం పెట్టేసి, అన్నాలకి కూర్చోవచ్చు. అమ్మ వైపు చూశాను. విన్నది కదా, తాగవచ్చు కదా. నా భార్య ఇచ్చిన గ్లాసు అమ్మ చేతిలోనే ఉంది. ఆమె పెదవులు కుట్టేసినట్టు మూసుకుని ఉన్నాయి. నన్నే చూస్తోంది. తర్వాత వంగి, కాఫీ తాగకుండానే గ్లాసుని నేల మీద పెట్టేసింది.

"నేను నోరు తెరవను. మాటిచ్చినా" అంది.

అంతకంటే గట్టిగా ఎవరూ నోరు తెరిచింది నేను వినలేదు.

చెప్పేశాను. వెనక బెంచీ, పూలగుత్తి, ఫోను, అర్హత అన్నీ. పెనుకొండ మెట్ల మీద ముసలాయన చెప్పింది కూడా చెప్పాను: లేనివాడు, వెన్ను విరిగినవాడు, ఒకరు చెయ్యిస్తే తప్ప లేవలేనివాడు. నా జీవితంలో ఏమీ కలపకుండా చెప్పిన కథ అదొక్కటే. కలపనందువల్ల చాలా పొట్టిగా అయిపోయింది.

బీగుడి ముఖం జేవురించింది. "అయితే నలుగుర్లో మా ఇంటి పిల్లోన్ని 'లేనోడా' అని పిలవల్నా? అబద్ధం చెప్పి నాతోనే నేపిస్తివి కదప్పా!" ఆయన బావా అనడం మానేసి అప్పా అనడం నాకు వినపడింది. మా అమ్మకీ వినపడినట్టుంది, కుర్చీలో ముందుకి జరిగి కూర్చుంది.

నా కూతురు తొట్టి ఆపింది.

"మామా, ఆ పదకొండు దినాలు మనం రాజుల మాదిరి కూర్చోని ఉంటిమా? ఒక్కసారి చూడనీమని నర్సును అడుక్కున్నా. ఊడ్చే ఆయాను అడుక్కున్నా. గేటు కాడ వాచ్‌మన్ను గూడా అడుక్కున్నా. మీరు అడగలేదా? డాక్టరు కారు కాడ రెండు చేతులూ జోడించి నిలబడుకోని ఉంటిరి, నేను కిటికీలోంచి చూసినా."

బీగుడి గొంతు మేడ దిగొచ్చింది.

"అడిగినా" అన్నాడు చాలా చిన్నగా.

"మల్ల? నాయన చెప్పిన అర్థం వద్దు. ఇదే బాగుండాది. నేను ఇదే పిలుస్తా."

ఆయన తొట్టి దగ్గరికి వెళ్ళి గుడ్డ అంచు వేళ్ళతో తడిమాడు. ఒక కిరీటం మీద బొటనవేలు ఆగింది. తీసేస్తాడనుకున్నాను.

"విప్పితే గుడ్డ చెడిపోతాది" అన్నాడు. "ఉండనీ. వాని తాత అబద్ధం, వాడే తడుపుకుంటాడు." ఆ తర్వాత నా వైపు తిరిగి, "ఇంగ నువ్వు రైలు టయానికి వచ్చిందన్నా నేను స్టేషనుకు ఫోను చేసి కనుక్కుంటా బావా" అన్నాడు. నిజంగానే ఈనాటికీ కనుక్కుంటున్నాడు. నేను హిందూపురంలో వాన పడుతోందంటే ఆ పక్కనున్న వాళ్ళకి ఫోను ఇమ్మంటాడు. కానీ బావా అన్నాడు.

అమ్మ నేల మీది గ్లాసు తీసుకుంది. రెండు చేతులతో పట్టుకుని, కళ్ళు మూసుకుని, మూడు నెలల తర్వాత మొదటి గుక్క తాగింది. మేమంతా ఆమె ముఖం వైపే చూస్తున్నాం.

"సల్లారిపోయె" అంది. "వీని సోదితో."

అయినా చివరి చుక్క దాకా తాగింది. ఖాళీ గ్లాసు చాపి, "పక్కీరప్పా" అని పిలిచింది.

నేను కదల్లేదు. తొట్టి వైపు చూశాను. ఎవర్ని పిలిచిందో తేలేదాకా ఆగాను.

"నిన్నేరా" అంది అమ్మ. "గ్లాసు పట్టు. ఇంగొకటి కాగబెట్టి తీసుకరా."